కలలో కల: యోగవాసిష్ఠం అమెరికా దాకా నడిచిన దారి

పోతన భాగవతంలో చిన్నికృష్ణుడి నోట్లో బ్రహ్మాండాన్ని చూసి యశోద తెల్లబోయిన ఘట్టం తెలియని తెలుగువాళ్ళు అరుదు. తను చూస్తున్నది నిజమేనా, తను తనేనా అని ఆ తల్లి తర్కించుకునే పద్యాన్ని వేదిక మీద ఎవరైనా ఎత్తుకుంటే చాలు, మిగతాది హాల్లో కూర్చున్నవాళ్ళే పూర్తి చేస్తారు. ఇక్కడ పుట్టి పెరిగిన మన పిల్లలకు అదే సందేహం ఇంకో దారిన వచ్చింది. 1999లో ‘మేట్రిక్స్’, 2010లో ‘ఇన్‌సెప్షన్’ సినిమాలు చూసి వచ్చి, మనం బతుకుతున్న ఈ లోకం ఎవరో కంటున్న కల కాదని రుజువేమిటని వాళ్ళు అడుగుతుంటే, ‘ఇదంతా మన పుస్తకాల్లో ఎప్పుడో ఉందిరా’ అని మనం గర్వంగా చెబుతుంటాం. ఏ పుస్తకంలో అని వాళ్ళు ఎదురు ప్రశ్న వేస్తే మాత్రం చాలామందిమి నీళ్ళు నములుతాం.

ఆ పుస్తకం పేరు యోగవాసిష్ఠం. దానికే జ్ఞానవాసిష్ఠమనీ, మహారామాయణమనీ, వాసిష్ఠ రామాయణమనీ పేర్లున్నాయి. అసలు పేరు మోక్షోపాయం. సంప్రదాయం 32,000 శ్లోకాలని చెబుతుంది. అచ్చులో దొరికే ప్రతుల్లో అంతకంటే కొన్ని వేలు తక్కువే ఉన్నా, వాల్మీకి రామాయణం కంటే పెద్దదే. వైరాగ్యం, ముముక్షు వ్యవహారం, ఉత్పత్తి, స్థితి, ఉపశమం, నిర్వాణం అని ఆరు ప్రకరణాలు. కలకూ మెలకువకూ మధ్య గీత ఎక్కడుందన్న ఒక్క ప్రశ్నను పట్టుకుని ఇన్ని వేల శ్లోకాలు, ఇన్ని పదుల కథలు నడిపిన గ్రంథం మన దేశంలో ఇంకొకటి లేదు. అయినా గీత ఉన్నంతగా మన ఇళ్ళలో ఇది లేదు. ఇది ఎక్కడ పుట్టింది, తెలుగులోకి ఎప్పుడు వచ్చింది, సముద్రాలు దాటి మనకంటే ముందో వెనకో ఈ దేశానికి ఎలా చేరింది అన్నదే ఈ వ్యాసంలో చెప్పదలచుకున్నది.

బాలకాండలో ఒక ఖాళీ

విశ్వామిత్రుడు దశరథుడి కొలువుకు వచ్చి, యాగరక్షణకు రాముణ్ణి పంపమని అడుగుతాడు. తండ్రి తల్లడిల్లిపోతాడు. వసిష్ఠుడు నచ్చచెబుతాడు. రాముడు బయలుదేరతాడు. వాల్మీకి బాలకాండలో ఇదంతా కొద్ది సర్గల పని. యోగవాసిష్ఠం రాసిన మహానుభావుడు సరిగ్గా ఈ సందులో దూరాడు. ఆయన కథలో రాముడికి ఇంకా పదహారేళ్ళు నిండలేదు. తీర్థయాత్రలు చేసి వచ్చాడు. వచ్చిన దగ్గర్నుంచీ తిండి మీద ధ్యాస లేదు, మాట లేదు, ఏ పని మీదా ఆసక్తి లేదు. ఈ రోజుల్లో అయితే కౌన్సిలర్ దగ్గరికి తీసుకువెళ్ళేవాళ్ళం. కొలువులోకి పిలిపించి ఏమైందని అడిగితే, సంపద మీదా, ఆయుర్దాయం మీదా, యౌవనం మీదా తనకెందుకు నమ్మకం పోయిందో ఆ కుర్రవాడు ధారగా చెబుతాడు. అప్పుడు విశ్వామిత్రుడి కోరిక మీద వసిష్ఠుడు నోరు విప్పుతాడు. కొలువులో రోజుల తరబడి సాగిన ఆ సంభాషణే గ్రంథం.

వాల్మీకి రామాయణంలో ఈ సంభాషణ లేదు. వాల్మీకి పేరు మీదే చెలామణీ అయినా, ఇది 10వ శతాబ్దపు కాశ్మీరంలో, సుమారు 950 ప్రాంతంలో పుట్టిందని జర్మనీలోని హాలే విశ్వవిద్యాలయంలో పనిచేసిన వాల్టర్ స్లాయె, ఆయన సహచరులు కాశ్మీరు రాతప్రతులు పోల్చి తేల్చారు. ఆ నాటి కాశ్మీర రాజు యశస్కరుడి ప్రస్తావన గ్రంథంలోనే ఉంది. తొలి రూపంలో ఇది ఇప్పటి అద్వైత గ్రంథాల ధోరణిలో ఉండేది కాదనీ, తర్వాతి చేతుల్లో వేదాంతపు రంగు పులుముకుని యోగవాసిష్ఠం అయిందనీ వారి నిర్ణయం. కొందరికి ఇది కష్టంగా తోచవచ్చు. నాకైతే గ్రంథం గౌరవం దీనివల్ల ఏమీ తగ్గినట్టు అనిపించలేదు. ఒక అజ్ఞాత కాశ్మీరీ, రామకథలో ఒక ఖాళీ చూసి, అందులో తన కాలపు ఆలోచనంతా అమర్చి, పేరు కూడా చెప్పుకోకుండా వెళ్ళిపోయాడు. లోకమంతా మనసు కల్పించినదే అని చెప్పే పుస్తకం, తానూ ఒక కల్పనలో కూర్చుని ఆ మాట చెప్పడం అతికినట్టు సరిపోయింది.

లవణుడి గుర్రం

ఈ గ్రంథం వాదనలతో కాదు, కథలతో పని చేస్తుంది. వాటిలో ఒకదాన్ని కాస్త తీరిగ్గా చెప్పుకోవాలి. ఉత్పత్తి ప్రకరణంలోది.

హరిశ్చంద్రుడి వంశంలో లవణుడనే రాజు. కొలువులోకి ఒక ఇంద్రజాలికుడు వచ్చి నెమలి ఈకల కుంచె తిప్పుతాడు. అదే సమయంలో సింధురాజు దూత ఒక మేలైన గుర్రాన్ని తెస్తాడు. రాజు ఆ గుర్రం వైపు చూస్తూ అలాగే కొయ్యబారిపోతాడు. రెండు ముహూర్తాలు, అంటే మన లెక్కలో గంటన్నర పైన. మంత్రులు భయపడతారు. చివరికి రాజు కళ్ళు తెరిచి, వణుకుతూ చెప్పడం మొదలుపెడతాడు.

ఆ గుర్రమెక్కి వేటకు వెళ్ళానన్నాడు. అది ఎండిపోయిన అడవిలోకి లాక్కుపోతే ఒక తీగ పట్టుకుని బయటపడ్డానన్నాడు. ఆకలితో చచ్చిపోతుంటే ఒక నల్లని పిల్ల అన్నం కుండతో ఎదురైంది. తను చండాల కన్యననీ, పెళ్ళి చేసుకుంటేనే అన్నం పెడతాననీ చెప్పింది. చేసుకున్నాడు. ఆ పల్లెలో ఏళ్ళకు ఏళ్ళు కాపురం చేశాడు. పిల్లలు పుట్టారు, జుట్టు నెరిసింది. అప్పుడు కరువొచ్చింది. పల్లె చెల్లాచెదురైంది. భార్యాపిల్లలతో దారి పట్టాడు. చిన్న కొడుకు మాంసం కావాలని ఏడుస్తుంటే, ఇక చూడలేక, నా మాంసమే తినరా అని చితి పేర్చి దూకబోయాడు. ఆ క్షణాన కొలువులో మంగళవాద్యాలు మోగి మెలకువ వచ్చింది. ఇంద్రజాలికుడు మాయమైపోయాడు.

ఇక్కడితో ఆగిపోతే ఇదొక మంచి కాశీమజిలీ కథ. ఆగకపోవడంలోనే దీని గొప్పతనముంది. లవణుడికి నిద్ర పట్టదు. మర్నాడు పరివారంతో వింధ్యారణ్యానికి బయలుదేరతాడు. ఆ పల్లె ఉంది. ఎండిన చెట్లున్నాయి. ఒక ముసలమ్మ గుండెలు బాదుకుంటూ ఏడుస్తోంది: ఎక్కడినుంచో రాజులాంటి అల్లుడొచ్చాడు, నా కూతుర్ని ఏలుకున్నాడు, కరువులో అందరూ పోయారు అని. ఆవిడ అతని అత్తగారు. అతను కలలో కన్న అత్తగారు! రాజు ఆమెను ఓదార్చి, కావలసినవి ఇచ్చి తిరిగి వస్తాడు.

రాముడు అడుగుతాడు, కల నిజమెలా అయిందని. వసిష్ఠుడి జవాబులో రెండు పొరలున్నాయి. లవణుడు తన పూర్వీకుడైన హరిశ్చంద్రుణ్ణి తలుచుకుని, ఒకనాడు తోటలో కూర్చుని మనసులోనే రాజసూయం చేశాడట. మనసుతో యాగం చేసినవాడికి యాగం వల్ల రావలసిన కష్టం కూడా మనసులోనే వచ్చింది. ఇది ఒక పొర. రెండోది మరీ విచిత్రం. ఆ పల్లెవాళ్ళ అనుభవం రాజు మనసులో తోచి ఉండవచ్చు, లేదా రాజు భ్రాంతే పల్లెవాళ్ళందరి మనసుల్లో తోచి ఉండవచ్చు. కాకి వాలడమూ తాటిపండు రాలడమూ ఒకేసారి జరిగినట్టు రెండూ కలిశాయి అంటాడు. మనం రోజూ వాడే ‘కాకతాళీయం’ అన్న మాటకు ఈ గ్రంథంలో ఎంత బరువుందో చూడండి. మనకది అనుకోకుండా జరిగిన చిన్న సంగతి. వసిష్ఠుడికి లోకమంతా కాకతాళీయమే.

గాధి కథ దీనికి కవల లాంటిది, ఉపశమ ప్రకరణంలో వస్తుంది. కోసలదేశపు బ్రాహ్మణుడు గాధి, మాయను చూపించమని విష్ణువును కోరతాడు. స్నానానికి నీళ్ళలో మునిగిన క్షణంలో తను చనిపోయి, చండాలుడిగా పుట్టి, ఆలుబిడ్డల్ని పోగొట్టుకుని, తిరిగి తిరిగి కీరదేశం చేరతాడు. అక్కడ రాజు చనిపోతే పట్టపుటేనుగు ఇతన్ని ఎత్తి వీపు మీద కూర్చోబెట్టుకుంటుంది. ఎనిమిదేళ్ళు రాజ్యమేలతాడు. ఒకనాడు పాత చుట్టం ఒకడు వీధిలో గుర్తుపట్టి పలకరిస్తాడు. అంతే, కులం తెలిసిపోతుంది. ఇన్నాళ్ళూ ఇతని చేతి కింద బతికామే అని నగరప్రజలు సిగ్గుతో మంటల్లో దూకుతారు. ఇతనూ దూకుతాడు. కళ్ళు తెరిస్తే నీళ్ళలో స్నానం చేస్తూనే ఉంటాడు. ఆ తర్వాత ఒక అతిథి వచ్చి కీరదేశపు వార్త చెప్పడం, గాధి వెళ్ళి ఆనవాళ్ళన్నీ చూసి రావడం మామూలే.

ఈ రెండు కథల్ని ప్రవచనాల్లో విన్నవాళ్ళు వాటిలో మాయను మాత్రమే చూసి వస్తారు. నాకు చరిత్ర కూడా కనిపిస్తుంది. రాజుకూ బ్రాహ్మణుడికీ రాగల అతి భయంకరమైన పీడకల ఏది? చండాలుడిగా పుట్టడం. 10వ శతాబ్దపు కవి తన శ్రోతల్ని వణికించడానికి దయ్యాల్ని తేలేదు, ఊరి బయటి వాడల్ని తెచ్చాడు. ఒకరికి గంటన్నర పీడకల అయినది ఇంకొకరికి పుట్టుక నుంచి చావు దాకా మెలకువ. అయితే కవి అక్కడ ఊరుకోలేదు. ఆ పల్లె కల కాదు పొమ్మని రాజును కాళ్ళీడ్చుకుంటూ అక్కడిదాకా నడిపించాడు. ఏడుస్తున్న ముసలమ్మ ముందు నిలబెట్టాడు. ఎనిమిదేళ్ళు సుఖంగా ఏలిన రాజు కులం ఒక్కటే బయటపడినందుకు ఊరు ఊరంతా కాలిపోవడంలో ఎవరి భ్రాంతి ఎక్కువో మనల్నే తేల్చుకోమన్నాడు. ఆయన ఉద్దేశం ఇదేనని నేను అనను. కానీ ఇవాళ చదివేవాడు ఆ ముసలమ్మను దాటుకుని నేరుగా బ్రహ్మతత్త్వంలోకి వెళ్ళిపోతే సగం కథ వదిలేసినట్టే.

మొగలు కొలువులో వసిష్ఠుడు

అంత పెద్ద గ్రంథాన్ని అందరూ మోయలేరు గనుక, అభినందుడనే కాశ్మీరీ పండితుడు సుమారు ఆరు వేల శ్లోకాలకు కుదించి లఘుయోగవాసిష్ఠం చేశాడు. దేశాలు తిరిగింది ఎక్కువగా ఆ చిన్న పుస్తకమే.

1597-98 నాటికి అది పారశీకంలోకి వెళ్ళింది. అక్బరు కొడుకు సలీం కోసం, అంటే తర్వాత జహంగీరు అయినవాడి కోసం, నిజాముద్దీన్ పానిపతి దాన్ని అనువదించాడు. పక్కన కూర్చుని అర్థం చెప్పినవారు జగన్నాథ మిశ్ర, పఠాన్ మిశ్ర అనే ఇద్దరు పండితులు. సంస్కృతంలోని మాటకు సూఫీల పరిభాషలో సాటి మాట వెతుక్కుంటూ ముగ్గురూ ఎలా కుస్తీ పట్టారో, వర్జీనియా విశ్వవిద్యాలయంలో ఆచార్యుడైన శంకర్ నాయర్ 2020లో కాలిఫోర్నియా విశ్వవిద్యాలయ ముద్రణాలయం ద్వారా తెచ్చిన పుస్తకంలో వివరంగా రాశారు. 1602 నాటి బొమ్మల పారశీక ప్రతి ఒకటి ఇప్పుడు ఐర్లండులోని డబ్లిన్ నగరంలో, చెస్టర్ బీటీ గ్రంథాలయంలో ఉంది.

షాజహాను పెద్దకొడుకు దారా షికోకు ఉన్న అనువాదాలు తృప్తినివ్వలేదు. 1656లో కొత్తది చేయించాడు. ఎందుకు చేయించాడో ముందుమాటలో చెప్పిన కారణం ముచ్చటైనది. ఆయనకు కల వచ్చిందట. కలలో వసిష్ఠుడూ రాముడూ కనిపించారు. ఇతనూ నీలాగే సత్యాన్ని వెతికేవాడు, నీకు తమ్ముడి లాంటివాడు అని వసిష్ఠుడు చెబితే, రాముడు దారాను కౌగిలించుకుని మిఠాయి తినిపించాడట. కలా నిజమా అని తేల్చే పుస్తకానికి కలలోనే ఆజ్ఞ వచ్చింది! మరుసటి ఏడాది, 1657లో, దారా యాభై ఉపనిషత్తుల్ని పారశీకంలోకి తెప్పించాడు. 1659లో తమ్ముడు ఔరంగజేబు ఆజ్ఞతో అతన్ని చంపేశారు. ఆ ఉపనిషత్తుల పారశీక ప్రతి ఫ్రాన్సు చేరి, ఆంకెటిల్ దుపెరాన్ చేతిలో 1801-02లో లాటిన్ పుస్తకమై, షోపెన్‌హవర్ బల్ల మీద కూర్చుంది. పాశ్చాత్య తత్త్వంలోకి మన ఉపనిషత్తులు నడిచిన తొలి దారుల్లో అదొకటి. వసిష్ఠుడికి మాత్రం అంత తొందరగా పడవ దొరకలేదు.

రామగిరి సింగన

ఇంత చెప్పి, అక్బరు కొలువుకంటే దాదాపు నూటడెబ్బై ఏళ్ళ ముందే ఈ గ్రంథం తెలుగైందని చెప్పకపోతే తప్పు. 15వ శతాబ్దం తొలినాళ్ళలో మడికి సింగన వాసిష్ఠ రామాయణాన్ని తెలుగు కావ్యంగా రాశాడు. ఈయన రామగిరి మంత్రి కందనామాత్యుడికి పద్మపురాణోత్తరఖండాన్ని అంకితమిచ్చిన కవి. రామగిరి అంటే పూర్వపు కరీంనగర్ జిల్లాలో గోదావరికి చేరువలోని కొండకోట. సింగన పేరు చెప్పగానే సాహిత్య విద్యార్థులకు గుర్తొచ్చేది ‘సకలనీతిసమ్మతము’. ఇప్పుడు దొరకని పాత నీతిగ్రంథాల పద్యాల్ని ఒకచోట చేర్చి కాపాడిన సంకలనమది. పోయేవాటిని దాచే అలవాటు ఉన్నవాడు కనుకనే, కాశ్మీరులో పుట్టిన ఈ మహాగ్రంథాన్ని కూడా తెలుగువాడికి అందే కొలతకు తెచ్చాడనిపిస్తుంది. కవిత్రయం మహాభారతం పూర్తయి ఎంతో కాలం కాలేదు, పోతన భాగవతం ఇంకా రాలేదు. అలాంటి సంధికాలంలో, రాజ్యాలు తారుమారవుతున్న తెలంగాణలో, ఈ లోకం ఎంతవరకు నిజం అని అడిగే కావ్యం పుట్టడం నాకు ఆశ్చర్యంగా లేదు.

ఆ తర్వాత 16వ శతాబ్దంలో పింగళి సూరన ‘కళాపూర్ణోదయం’ రాశాడు. అది వేదాంతమూ కాదు, పవిత్రగ్రంథమూ కాదు. కానీ బ్రహ్మ సరస్వతికి ముచ్చటగా చెప్పిన కథే భూమి మీద పాత్రలై పుట్టి జరిగిపోవడం, కథలోని మనుషులు తమ కథను తామే వినడం చూస్తే, వాసిష్ఠం వేసిన విత్తనం మన నేలలో ఎంత వింతగా మొలిచిందో అనిపించక మానదు. సూరన వాసిష్ఠం చదివే రాశాడని నేను వాదించడం లేదు. ఆ ఊహ మన గాలిలో ఉందని మాత్రం అంటున్నాను. ప్రబంధాల మీద కత్తిగట్టిన కట్టమంచి రామలింగారెడ్డి కూడా సూరనకు మాత్రం పట్టం కట్టారు.

కాంకర్డు నుంచి కంప్యూటర్ దాకా

అమెరికాలో వేదాంతం అనగానే అందరూ మసాచుసెట్స్ రాష్ట్రపు కాంకర్డుతో మొదలుపెడతారు. ఎమర్సన్, థోరో గీత చదివారు. 1857 నవంబరులో ‘అట్లాంటిక్ మంత్లీ’ తొలి సంచికలో ఎమర్సన్ ‘బ్రహ్మ’ అనే పద్యమూ, భ్రమల మీద ఒక వ్యాసమూ వచ్చాయి. ఆ వ్యాసంలో ఆయన మన యోగనిద్రను పేరుపెట్టి తలుస్తాడు; ఒక కల నుంచి ఇంకో కలలోకి మేలుకుంటామనే ధోరణిలో మాట్లాడతాడు. చదువుతుంటే ఈయన తప్పకుండా వాసిష్ఠం చదివాడనిపిస్తుంది. చదివే అవకాశమే లేదు. వాసిష్ఠాన్ని ఇంగ్లీషులోకి పూర్తిగా తేవాలని పూనుకున్న విహారిలాల్ మిత్ర అనువాదం కలకత్తాలో అచ్చు కావడం 1891లో మొదలై 1899 దాకా సాగింది. ఎమర్సన్ 1882లోనే పోయాడు. లఘువాసిష్ఠానికి నారాయణస్వామి అయ్యర్ చేసిన ఇంగ్లీషు 1896లో మద్రాసులో వచ్చింది. కాబట్టి 1893లో వివేకానందుడు చికాగో వేదిక ఎక్కే నాటికి వాసిష్ఠం ఈ దేశంలో దాదాపు ఎవరికీ తెలియదనే చెప్పాలి.

1902లో శాన్‌ఫ్రాన్సిస్కోలో దిగిన స్వామి రామతీర్థకు ఈ గ్రంథం మీద అపారమైన ప్రేమ. లాహోరులో గణితం చెప్పిన మనిషి. కల, మెలకువల లెక్క ఆయనకు నచ్చడంలో వింత లేదు. 1904 దాకా ఇక్కడ తిరిగి ఉపన్యాసాలిచ్చారు. 1933లో న్యూయార్కులో రామకృష్ణ వివేకానంద కేంద్రం స్థాపించిన స్వామి నిఖిలానంద, 1936లో మాండూక్యోపనిషత్తును గౌడపాద కారికలతో సహా ఇంగ్లీషులో తెచ్చారు. పన్నెండే మంత్రాల ఉపనిషత్తు, దాని మీద నాలుగు ప్రకరణాల కారికలు. మెలకువలో చూసేదానికీ కలలో చూసేదానికీ తేడా ఏమిటన్న వాదం అక్కడ సూత్రంలా బిగించి ఉంటుంది. వాసిష్ఠం అదే ప్రశ్నను కథగా విప్పుతుంది. తర్కం ఇష్టమున్నవాళ్ళు అక్కడ మొదలుపెట్టవచ్చు. నా ఓటు కథలకే.

ఇక గోధుమల సంగతి. మనలో కాస్త పెద్దవాళ్ళకు పీఎల్ 480 అంటే రేషన్ షాపులో ఎర్ర గోధుమలు గుర్తొస్తాయి. 1954 నాటి ఆ చట్టం కింద అమెరికా పంపిన ధాన్యానికి భారత ప్రభుత్వం రూపాయల్లో చెల్లించేది. ఆ రూపాయలు మన దేశంలోనే ఖర్చు కావాలి. వాటిలో కొంత పెట్టి మన భాషల పుస్తకాలు కొని ఇక్కడి గ్రంథాలయాలకు పంపే ఏర్పాటును లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ 1962లో ఢిల్లీ కార్యాలయం నుంచి మొదలుపెట్టింది. మనం తిన్న గోధుమలకు బదులుగా మన పుస్తకాలు ఓడలెక్కాయన్నమాట. 1965 వలస చట్టం తర్వాత మన డాక్టర్లూ ఇంజనీర్లూ దిగేసరికి, వాళ్ళకు తెలియకుండానే తెలుగు అచ్చు పుస్తకాలు విశ్వవిద్యాలయాల అటకల మీద వరసగా చేరుతున్నాయి. అమెరికా తెలుగువాళ్ళ చరిత్రలో ఈ అధ్యాయాన్ని మనం తగినంతగా చెప్పుకోలేదు.

1984 ఈ కథలో మంచి ఏడాది. స్వామి శివానంద శిష్యుడు వెంకటేశానంద చేసిన సంక్షిప్త అనువాదాన్ని ఆ ఏడు న్యూయార్క్ రాష్ట్ర విశ్వవిద్యాలయ ముద్రణాలయం ప్రచురించింది. అప్పటికి రెండేళ్ళ కిందటే స్వామి కాలం చేశారు. ఆయనదే పెద్ద రూపం 1993లో అక్కడినుంచే వచ్చింది. ఈ దేశంలో యోగవాసిష్ఠం చదివానని ఎవరైనా అంటే చాలాసార్లు అది ఈ పుస్తకాల్లో ఒకటే. అదే 1984లో చికాగో విశ్వవిద్యాలయం నుంచి వెండీ డానిగర్ పుస్తకం వచ్చింది, కలలూ భ్రమలూ ఇతర వాస్తవాల మీద. లవణుడు, గాధి కథలే దానికి వెన్నెముక. వాటి పక్కన ప్లేటోను, ఫ్రాయిడును, మెట్లు ఎక్కుతూ ఎక్కుతూ మొదటికే వచ్చే ఎషర్ చిత్రాల్ని పెట్టి చూపిస్తారు. డానిగర్ రాసిన ఇతర పుస్తకాల మీద మనవాళ్ళలో చాలామందికి కోపాలున్నాయి. ఆ తగాదా ఇక్కడ అనవసరం. ఈ ఒక్క పుస్తకం వల్ల లవణుడి గుర్రం అమెరికా క్లాసురూముల్లోకి నడిచి వచ్చిందన్నది మాత్రం ఒప్పుకోవాలి.

మనవాళ్ళ వైపు నుంచి జరిగిన పెద్ద పని విస్కాన్సిన్ విశ్వవిద్యాలయంలో తెలుగు చెప్పిన వెల్చేరు నారాయణరావు గారిది. డేవిడ్ షూల్మన్‌తో కలిసి ఆయన కళాపూర్ణోదయాన్ని ఇంగ్లీషు చేస్తే 2002లో కొలంబియా విశ్వవిద్యాలయం అచ్చువేసింది. 2012లో షూల్మన్ దక్షిణ భారతంలో ఊహ అనే దాని చరిత్రనే ఒక పుస్తకంగా రాస్తే హార్వర్డు ప్రచురించింది. ఊహ అంటే అబద్ధం కాదు, వాస్తవాన్ని పుట్టించే శక్తి అని మన కవులు అనుకున్నారనీ, 16వ శతాబ్దంలో ఆ ఆలోచన కొత్త మలుపు తిరిగిందనీ ఆయన వాదం. సూరనకు ఇంత జరిగింది, సంతోషం. సింగనకూ జరగాలి. ఐదారు వందల ఏళ్ళ కిందటి తెలుగు వాసిష్ఠం కాశ్మీరు మూలంలో ఏది ఉంచుకుంది, ఏది వదిలింది, చండాలవాటిక దగ్గర ఎన్ని పద్యాలు ఆగింది అని పోల్చి చూసే పరిశోధన మన పిల్లల్లో ఒకరు చేయదగినది. జర్మనీలో మోక్షోపాయానికి సంశోధిత ప్రతి సంపుటాలుగా వచ్చింది కనుక, పోల్చడానికి కావలసిన గట్టి మూలం ఇప్పుడు ఉంది.

అంతా కలే అయితే

ఎవరైనా పోయినప్పుడో, 2001లోనూ 2008లోనూ ఉద్యోగాలు ఊడినప్పుడో మన సమావేశాల్లో ఒక మాట వినిపించేది: అంతా మాయ, అంతా కల, బాధపడకు. చెప్పినవాళ్ళది మంచి మనసే. కానీ వసిష్ఠుడి నోట ఆ మాట అలా రాలేదు. రాముడు అప్పటికే అంతా వృథా అని కూలబడి ఉన్నాడు. అంతా కలే అని చెప్పి ఊరుకుంటే ఆ కుర్రవాడు ఇంకా కూలబడేవాడు. అందుకే ముముక్షు వ్యవహార ప్రకరణంలో వసిష్ఠుడు మొట్టమొదట దైవం అనే మాట మీద యుద్ధం ప్రకటిస్తాడు. దైవమన్నది వేరే ఏమీ లేదు, నిన్నటి నీ ప్రయత్నానికే అది పేరు. నిన్నటి ప్రయత్నం కంటే ఇవాళ్టి ప్రయత్నం బలమైనదైతే అదే గెలుస్తుంది అని సర్గల కొద్దీ చెబుతాడు. తలరాత అని సరిపెట్టుకునే మన అలవాటుకు ఇంతకంటే గట్టి చెంపపెట్టు మన గ్రంథాల్లో నేను చూడలేదు. లోకం మనసు చేసిన నేత అయితే, నేసే చెయ్యి ఊరుకోకూడదు. కల గనుక ఎలా పోతే ఏం అన్నది ఆయన పాఠం కాదు.

నిర్వాణ ప్రకరణంలోని చూడాల కథ దీనికి మంచి సాక్ష్యం. రాజు శిఖిధ్వజుడు రాజ్యం వదిలి అడవికి పోతాడు. అతనికంటే ముందే జ్ఞానం పొందిన భార్య చూడాల రాజ్యమూ ఏలుతుంది, మారువేషంలో అడవికి వెళ్ళి మొగుడికి గురువై పాఠమూ చెబుతుంది, చివరికి అతన్ని సింహాసనం దాకా వెనక్కి తీసుకొస్తుంది. వెయ్యేళ్ళ కిందటి కథలో ఆడది గురువు, రాజు శిష్యుడు. మన ఆడపిల్లలకు సతీసావిత్రి కథ చెప్పిన నోటితో ఇదీ చెప్పాలి.

ఇంట్లో మొదలుపెట్టదలచినవారికి ఒక చిన్న సలహా. వైరాగ్య ప్రకరణంతో మొదలుపెట్టకండి. పదిహేనేళ్ళ పిల్లవాడి నిరాశ పదిహేనేళ్ళ పిల్లలకు చదివి వినిపించడం అంత మంచిది కాదు. ఉత్పత్తి ప్రకరణంలో రాణి లీల కథ తీసుకోండి. చనిపోయిన భర్త పడుకున్న గదిలోనే ఇంకో లోకం, ఆ లోకంలో అతను ఇంకో రాజు, ఆ లోకానికి వెనకాల చిన్న ఇంట్లో ఒక బ్రాహ్మణ దంపతులు; సరస్వతి చెయ్యి పట్టుకుని లీల ఒక్కొక్కటే దాటి వెళుతుంది. ఆ తర్వాత లవణుడి గుర్రం. రెండు వారాంతాలు చాలు. రాజు ఆ పల్లెకు తిరిగి వెళ్ళి ముసలమ్మ ముందు నిలబడ్డ చోట పుస్తకం మూసి, ‘ఇప్పుడు చెప్పండి, ఎవరి కలలో ఎవరున్నారు?’ అని అడగండి. జవాబు చెప్పే తొందర మీరు పడకండి.